పాయఖానా కింద పట్టు

మా మామకు రెండు విషయాల్లో తనను మించినవాడు లేడని గట్టి నమ్మకం. ఒకటి పట్టు. రెండోది, పట్టు కానిది ఏదైనా సరే. ధర్మవరంలో బుద్ధెరిగినప్పటి నుంచి మగ్గం ముందు కూర్చున్న మనిషి. చీర అంచును బొటనవేలితో ఒకసారి తడిమి, ఆ పట్టు ఎట్లా ఉడికిందో, ఆ రంగు ఎవరి చేతిదో చెప్పేవాడు. అది నిజమే, కాదనను. కానీ ఆ ఒక్కటి తెలిసినందుకు మిగతా లోకమంతా తెలుసనుకోవడం ఉంది చూశారూ, అక్కడే నాకు ఒళ్లు మండేది. ఆయన పోయి చాలా కాలమైంది. ఇప్పటికీ మండుతూనే ఉంది. ఆయన గురించి మంచి మాటలు చెప్పడానికి ఆయన కూతుళ్లున్నారు, వాళ్లు చెబుతారు.

నేను చెప్పబోయేది మా ఇంటి పాయఖానా సంగతి. ముక్కు మూసుకోవాలనుకునేవాళ్లు ఇప్పుడే మూసుకోండి.

నేను ఆ ఇంటికి కోడలిగా వచ్చింది డెబ్బైల చివర్లో. మా పుట్టిల్లు కదిరి పక్కన పల్లె. మా నాయన నూలు నేసేవాడు. పట్టు నేసే ఇంటి సంబంధం వచ్చిందని మురిసిపోయి ఇంకేమీ అడక్కుండా ఇచ్చేశాడు. ఆ ఇంట్లో ఆడవాళ్లు చెంబు పట్టుకుని ఎక్కడికి పోతారని అడగలేదు. ఏ తండ్రి అడుగుతాడు? మా పల్లెలో మేమూ బయలుకే పోయేవాళ్లం. కానీ అక్కడ వంకలో మనిషెత్తు కంపచెట్లుండేవి. ఏ వేళకు పోయినా ఎవరి కంటా పడేవాళ్లం కాదు.

ధర్మవరంలో రైలుకట్ట దాటి బోడి బీడులోకి పోవాలి. పొద్దు పొడవకముందే పోయి రావాలి. పొడిస్తే ఇక మళ్లీ చీకటి పడేదాకా బిగబట్టుకుని ఉండాల్సిందే. అందుకని మా అత్త సాయంత్రమైతే నీళ్లు ముట్టేది కాదు. నన్నూ తాగనిచ్చేది కాదు. అనంతపురం జిల్లా ఎండలు తెలిసినవాళ్లకు చెప్పనక్కర్లేదు. పగలంతా పట్టు ఉడికే పొయ్యి దగ్గర మాడి, నాలుక అంగిటికి అతుక్కుపోతున్నా నీళ్లు తాగకుండా పడుకునేదాన్ని. మా మామకు ఇవేం పట్టేవి? ఆయన ఎండెక్కాక బీడీ వెలిగించుకుని తీరిగ్గా పోయి, దారిలో నలుగురినీ పలకరించి వచ్చేవాడు.

తర్వాత ఆ బీడు పక్కన బుడ్డల మిల్లు ఒకటి కట్టారు. వేరుశనక్కాయలను మా వైపు బుడ్డలంటారు. బుడ్డల లారీలు బీడులోనే ఆగడం మొదలైంది. ఒకరోజు మేం కూర్చుని ఉండగా ఒక డ్రైవరు లైట్లు వేశాడు. పొరపాటున కాదు. వేసి, ఆర్పి, మళ్లీ వేశాడు. పక్కన ఇంకొకడు నవ్వాడు. నేను లేచి చేతికందిన కంకరరాయి విసిరాను. అద్దానికి తగిలిందో లేదో తెలీదు గానీ నవ్వు ఆగింది. మా అత్త నా చెయ్యి పట్టుకుని ఇంటిదాకా ఈడ్చుకొచ్చి, నన్నే తిట్టింది.

“రాయేస్తావా? రేపటికి మనల్ని గుర్తు పెట్టుకుంటారు కదే!”

“పెట్టుకోనీ. నేనింగ ఆడికి పోను” అన్నాను.

“పోక యాడికి పోతావు? నేను పోలేదా? మా అత్త పోలేదా? నీకొక్కదానికే వచ్చిందా సిగ్గు, మహారాణికి!”

ఆ రోజే కదిరి బస్సెక్కి మా నాయన దగ్గరికి వెళ్లిపోయాను. ఇంట్లో పాయఖానా కట్టిస్తేనే తిరిగి వస్తానని మా ఆయనకు చెప్పి మరీ వెళ్లాను. మా ఆయన మంచివాడు. ఇది పొగడ్త అనుకోకండి. తండ్రి ముందు నోరు తెరిచి ఎరగడు, అంత మంచివాడు. అయినా నేను లేకపోయేసరికి పట్టు ఉడకేసేవాళ్లు లేక పని నిలిచిపోయింది. నా సిగ్గుకు కరగని మామ, నిలిచిపోయిన మగ్గానికి కరిగాడు.

మా ఆయన కదిరికి వచ్చి, గడప మీద కూర్చుని, తండ్రి పెట్టిన షరతు అప్పజెప్పాడు. మా ఇల్లు సన్నగా పొడుగ్గా ఉంటుంది. పెరట్లో పాయఖానాకు ఉన్నది ఒకే మూల, ఆ గోడకు ఇవతలే మగ్గం గది. మాది గుంత మగ్గం. నేలలో నడుములోతు గుంత తవ్వి, అందులోకి కాళ్లు జారవిడిచి కూర్చుని, అడుగున ఉన్న పలకలు తొక్కుతూ నేస్తారు. ఇక మామ మాట, మా ఆయన చెప్పినట్టే చెబుతున్నాను.

“ఒక్క బొట్టు మగ్గం గుంతలోకి దిగినా, ఒక్కసారి కంపు ముక్కుకు తగిలినా, గడ్డపార తీసుకొని పగలగొడతాడంట. మళ్లా ఆ మాట ఎత్తగూడదంట. నువ్వు బయలుకన్నా పోవాలంట, ఈడికన్నా వచ్చేయాలంట.”

ఆ షరతు వింటే కడుపు మండింది. కానీ లారీ లైట్ల కంటే నయం. మూట కట్టుకుని వచ్చేశాను.

ఇక్కడ ఆ ఇంటి మర్యాద ఒకటి చెప్పాలి. కోడలు మామతో నేరుగా మాట్లాడకూడదు. ఏం చెప్పాలన్నా అత్తకు చెప్పాలి. అత్త ఆయనకు చెప్పాలి. పక్కనే నిలబడి అంతా విన్నా ఆయన విననట్టే ఉండాలి. ఒకే గదిలో ముగ్గురం ఎదురెదురుగా నిలబడి రోజూ ఈ నాటకం ఆడేవాళ్లం. నవ్వొస్తుంది కదా? నాకు రాలేదు.

సామాను కొనడానికి అనంతపురం పోయాం. ముందు మామ, ఆయన వెనక మా ఆయన, వెనక అత్త, అత్త వెనక నేను. ఆడవాళ్లు దేనికని మామ గొణిగాడు గానీ, అత్తకు పట్నం చూడాలని ఉండి కదిలింది. అంగడాయన నేల మీద కూర్చునే తెల్ల బేసిను ఒకటి తీసి పెట్టాడు. దాని కింద పెట్టే వంపు గొట్టాలు రెండు రకాలు చూపించాడు. ఆ వంపులో ఎప్పుడూ కొన్ని నీళ్లు నిలిచి ఉంటాయి, ఆ నీళ్లే కింది కంపును పైకి రానివ్వవు. లోతు వంపు గొట్టమైతే పోయినప్పుడల్లా బకెట్టు నీళ్లు కుమ్మరించాలి. తక్కువ వంపుదైతే రెండు చెంబులు చాలు.

“తాగేదానికే బోరింగులో నీళ్లు రావు, దీనికి బకెట్టు యాడ తెచ్చేదప్పా? తక్కువ వంపుదే ఇయ్యి” అన్నాడు మామ.

అది సరైన మాట. ఆ వ్యవహారం మొత్తంలో ఆయన సరిగ్గా చేసింది అదొక్కటే. అదీ నీళ్లు మోసేవాళ్ల మీద జాలితో కాదు, పిసినారితనంతో.

తర్వాత అంగడాయన నల్లటి నార చుట్ట ఒకటి ముందు పెట్టాడు. బేసిను మెడ వచ్చి వంపు గొట్టం నోట్లో కూర్చుంటుంది. రెంటి నడుమ చుట్టూతా వేలు దూరేంత సందు ఉంటుంది. ఆ సందు సరిగ్గా మూయకపోతే పోసిన ప్రతి చెంబూ పక్కలకు కారి నేలలోకి దిగుతుంది.

“తారు పట్టించిన జనపనార అన్నా ఇది. మెడకు చుట్టి, సందులోకి గట్టిగా దట్టించి, పైన సిమెంటు మెత్తాల. కుళ్లదు, కారదు” అన్నాడు అంగడాయన.

మామ ఆ చుట్టను ముక్కు దగ్గర పెట్టుకుని వాసన చూసి, చచ్చిన ఎలుకను పారేసినట్టు బల్ల మీద పారేశాడు.

“తారా? మగ్గం పక్కన తారా? ఆ కంపు పట్టుకెక్కితే చీర ఎవుడు కొంటాడప్పా?”

“సిమెంటు కింద ఉంటాది కదన్నా, వాసన యాడ వస్తాది?”

“నువ్వు పట్టు నేసినావా? నేను నేసినా. పట్టు ఏ వాసననైనా పీలుస్తాది. దీనికంటే గట్టిది మా ఇంట్లోనే ఉండాది, పెట్టుకో నీ నార నువ్వే” అని లేచాడు.

ఆ గట్టిది ఏమిటో నాకు బేసిను బిగించే రోజు తెలిసింది. మేస్త్రీ వెనక గొయ్యి తవ్వి, రాళ్లు పేర్చి, వంపు గొట్టం కూర్చోబెట్టి, నార ఇమ్మని అడిగాడు. మామ మగ్గం గదిలోంచి గుడ్డసంచి ఒకటి తెచ్చి విప్పాడు. నిండా పట్టు. మగ్గం కింద రాలిన తెగిన పోగులు, ఎన్నాళ్లనుంచో ఏరి దాచినవి. ఎర్రవి, పచ్చవి, పాలపిట్ట రంగువి. వాటన్నిటినీ పేని లావుపాటి తాడు చేసి పెట్టాడు.

మేస్త్రీ నోరు తెరిచాడు. “ఇదేందన్నా, పట్టు తెచ్చినావు?”

“పట్టే. నీ గోనెనార రెండు వానలకు చివికిపోతాది. పట్టుచీర మూడు తరాలు కడతారు. చుట్టు.”

“మీ ఇల్లు, మీ ఇష్టం. రేపు నన్ను అడగొద్దు” అని మేస్త్రీ చేతులు దులుపుకున్నాడు. ఎట్లా చేసినా ఆయన కూలి ఆయనకొస్తుంది, ఆయనకేం పట్టింది?

నేను ఉండబట్టలేక అత్తతో అన్నాను. “అత్తా, అంగడాయన తారు నారే పెట్టాలన్నాడు కదా, మామకు చెప్పు.”

“ఏమప్పా, నారే పెట్టాలంట” అంది అత్త.

“పట్టు ఉడకేసేదానికే చెయ్యి తిరగలేదు ఇంగా, నాకు చెప్పొచ్చిందా? ఆ మేకుకు తగిలించింది మర్చిపోయిందేమో, ఒకసారి గుర్తు చెయ్యి” అన్నాడు మామ.

ఆ మేకు సంగతి చెబితే గానీ నా కోపం మీకు అర్థం కాదు. పచ్చి పట్టును సబ్బు, చాకలి సోడా వేసిన నీళ్లలో ఉడికిస్తారు. పైనున్న జిగురు కరిగి అప్పుడు మెరుపు వస్తుంది. ఆ పని నాది. కొత్త కోడలిగా వచ్చిన రోజుల్లో ఒకసారి సోడా ఎక్కువ వేశాను. పట్టు చిలప, అంటే పోగుల చుట్ట, మెత్తబడి, జారుడుగా తయారై, చేత్తో పట్టుకుంటే ఊడిపోయింది. మామ నన్ను ఏమీ అనలేదు. నేరుగా అనకూడదు కదా, మర్యాద! ఆ చెడిన చిలపను పడసాలలో మేకుకు తగిలించాడు. వచ్చినవాడికల్లా చూపించేవాడు. “సోడా ఎక్కువైతే పట్టును తినేస్తాదని మా కోడలికి తెలీదంట” అని చెప్పి నవ్వేవాడు. దసరాకు సున్నం కొట్టేదాకా అది అక్కడే వేలాడింది. వంటింట్లోంచి పడసాలలోకి వచ్చినప్పుడల్లా నా కళ్లకు అదే కనబడేది.

సరే, మామ తన చేత్తోనే ఆ రంగురంగుల పట్టుతాడును బేసిను మెడకు చుట్టి, చెక్కతో సందులోకి దట్టించాడు. మేస్త్రీ పైన సిమెంటు మెత్తాడు. నాలుగు వైపులా గోడలు లేచాయి, మీద రేకు పడింది, తలుపు వచ్చింది, గడియ వచ్చింది.

ఆ గడియ పడిన శబ్దం ఎంత బాగుందో చెప్పలేను. మొదటిరోజు పనేమీ లేకపోయినా లోపలికి పోయి గడియ వేసుకుని ఊరికే నిలబడ్డాను. ఆ సాయంత్రం చెంబెడు నీళ్లు గటగటా తాగాను, మళ్లీ ఇంకో చెంబు తాగాను. అత్త చూసి మూతి తిప్పింది. “పుట్టింటినుంచి కరువు తెచ్చుకుందా ఏమి” అంది. తర్వాత కడవ దగ్గరికి పోయి తనూ తాగింది. ఇంట్లో తిని ఇంట్లోనే పోవడం అసహ్యమని వీధంతా వినేలా అంటూనే, పగలు కూడా పోయి వచ్చేది. నేను చూడనట్టు ఉండేదాన్ని. నవ్వితే మానేస్తుందని భయం.

ఆ సుఖం ఎన్నాళ్లో నిలవలేదు. ముందు మా ఆయన చెప్పాడు, గుంతలో కాళ్లకు చెమ్మ తగులుతోందని. మామ దిగి గోడ తడిమి చూసి, తప్పు ఎవరిదో చిటికెలో తేల్చేశాడు.

“ఆడోళ్లు నీళ్లు ఎక్కువ పోస్తాండారు. ఒక్క చెంబు పొయ్యండి, చాలు.”

ఒక్క చెంబు పోశాం. చెమ్మ తగ్గలేదు, పైగా కంపు మొదలైంది. మగ్గం గదిలో ఊదువత్తులు వెలిగించాడు. నేను వంపు గొట్టంలో నిలిచిన నీళ్లు చూశాను, ఉండాల్సినన్ని ఉన్నాయి. అంటే కంపు గొట్టంలోంచి కాదు, పక్కకు కారే నీళ్లనుంచి వస్తోంది. ఆ మాట అత్త చేత చెప్పించాను. ఆయన చెవిన వేసుకోలేదు. తను దట్టించిన పట్టు కారడమా! పొద్దు పడమర పొడిచినా అది మాత్రం జరగదు ఆయన లెక్కలో.

చివరికి చీరలు కొనే సావుకారి వచ్చాడు. మగ్గం నుంచి దించిన చీరను మడత విప్పి చూశాడు, ముక్కు దగ్గరికి తీసుకున్నాడు, మళ్లీ మడత పెట్టి చాప మీద పెట్టేశాడు.

“ఏందన్నా ఈ వాసన? పెళ్లికూతురు కట్టేదానికా ఇది?” అన్నాడు.

తారు వాసన ఎక్కుతుందని నార వద్దన్న మనిషి పట్టుకు ఎక్కిన వాసన అదీ. మామ మొహం మాడిపోయింది. సావుకారి అటు పోగానే పాయఖానా తలుపుకు తాళం వేశాడు. రేపు పగలగొడతానని అత్తకు చెప్పాడు, నాకు వినబడేటట్టు.

మరుసటి రోజు పొద్దు పొడవకముందే అత్తా నేనూ మళ్లీ చెంబులు పట్టుకుని రైలుకట్ట దాటాం. లారీలు ముందుకంటే ఎక్కువున్నాయి. కూర్చున్నామో లేదో లైట్లు పడ్డాయి. నేను రాయికోసం తడుముతుంటే అత్త నా చెయ్యి గట్టిగా పట్టుకుంది.

“రాయి వద్దే. కొంగు మొహం మీదికి లాక్కో. మొహం కనపడకుంటే మనమెవరో వాళ్లకు తెలీదు” అంది.

ఆమె అప్పటికే కొంగు కప్పుకుని, తల వంచుకుని కదలకుండా కూర్చుని ఉంది. ఎన్నేళ్ల అలవాటో అది. నన్ను మహారాణి అని ఎగతాళి చేసిన మనిషి. నాకు ఏడుపొచ్చింది. ఏడుపు కంటే ముందు కోపమొచ్చింది. ఆ కోపం లారీవాళ్ల మీద కాదు.

ఇంటికి వచ్చేసరికి మామ పెరట్లో గడ్డపార పట్టుకుని నిలబడ్డాడు. తాళం తీసి తలుపు బార్లా తెరిచి ఉంది. మా ఆయన గోడకు ఆనుకుని నేల చూస్తున్నాడు. నేను చెంబు కింద పెట్టి, పోయి పాయఖానా వాకిట్లో అడ్డంగా నిలబడ్డాను.

“అడ్డం లెయ్యమని చెప్పు దానికి” అన్నాడు మామ అత్తతో.

“మామా, గడ్డపార కింద పెట్టు” అన్నాను.

ఆ ఇంట్లో అడుగుపెట్టిన నాటినుంచి నేను ఆయనతో నేరుగా అన్న మొదటి మాట అది. ఆయన నన్ను చూడలేదు, అత్తను చూశాడు. నేను మాట్లాడలేదు, గాలి మాట్లాడిందన్నట్టు.

“పగలగొట్టేదేముండాది? ముందు లేపి చూద్దాం. కింద ఏమైందో చూసి, అప్పుడు నీ ఇష్టమొచ్చినట్టు చేసుకో” అన్నాను.

“చూడనీలే అప్పా. చూస్తే పోయేదేముండాది” అంది అత్త. నా పక్షాన ఆమె మాట్లాడటం అదే మొదలు. మామ గడ్డపారను గోడకు ఆనించి మొహం తిప్పుకున్నాడు.

మా ఆయనను కదిలించి ఉలి తెప్పించాను. చుట్టూ సిమెంటును మెల్లగా కొట్టి, బేసిను చెదరకుండా ఇద్దరం పైకి లేపాం. సందులో తాడు లేదు. చెయ్యి పెట్టి తీశాను. అవును, చేత్తోనే. ఎవరో ఒకరు పెట్టాలి కదా, ఆ ఇంట్లో అట్లాంటి పనికి ఇంకెవరు చెయ్యి పెడతారు? వేళ్లకు ఏదో జారుడుగా, గంజిలా తగిలింది. పైకి తీస్తే ఎర్రా పచ్చా కలిసిన ముద్ద. పట్టుకుంటే ఊడిపోతోంది. ఆ జారుడు నా వేళ్లకు బాగా తెలుసు. నేను చెడగొట్టిన చిలప సరిగ్గా అట్లాగే ఉండింది.

నాకు అప్పుడు వెలిగింది. సిమెంటు పచ్చిగా ఉన్నప్పుడు చేతులు ఎట్లా మండుతాయో, తోలు ఎట్లా ఊడుతుందో మేస్త్రీలనడిగితే చెబుతారు. సున్నం గుణం అది. సోడా చేసే పనే సున్నమూ చేస్తుంది, ఇంకా గట్టిగా చేస్తుంది. ఆ సందులో పట్టును పెట్టి తడి సిమెంటు మెత్తడమంటే, పొయ్యి లేకుండా సోడాలో ఉడకేసి మరిచిపోవడమే. ఈ సంగతి ఊళ్లో ఎవరికి తెలియకపోయినా మా మామకు తెలియాలి. పట్టుకు ఏది పడదో నాకు పాఠం చెప్పిన మనిషాయన!

ఆ ముద్దను దోసిట్లో పట్టుకుని ఆయన ఎదురుగా పోయి నిలబడ్డాను.

“మామా, దీన్ని చూడు. సోడా ఎక్కువైతే పట్టును తినేస్తాదని నాకు నేర్పించింది ఎవరు? మరి సున్నం తినదా? సిమెంటు తినదా? నా చెయ్యి తిరగలేదన్నావే, నీ చెయ్యి తిరిగి చేసింది ఇదే కదా!”

ఆయన నా దోసిలి వైపు చూడలేదు. అత్త వైపు తిరిగి, “సిమెంటు కల్తీది. మేస్త్రీ మోసం చేసినాడు” అన్నాడు.

అంతేగానీ తప్పు నాది అనలేదు. ఆ రోజూ అనలేదు, తర్వాత బతికినన్నాళ్లూ అనలేదు. నేను ఇక వాదించలేదు. ఆ ముద్దను కడిగి, గుడ్డపీలికలో మూటకట్టి, పడసాలలో అదే మేకుకు తగిలించాను. ఎవరూ తీయలేదు. ఇది ఏమిటని వచ్చినవాళ్లు అడిగితే, “మా మామ పట్టు” అని చెప్పేదాన్ని.

మా ఆయన అనంతపురం పోయి తారు నార తెచ్చాడు. ఈసారి మేస్త్రీని పక్కన కూర్చోబెట్టి నేనే చుట్టాను. మెడ చుట్టూ నారను గట్టిగా లాగి చుట్టాలి, వదులుగా చుడితే పని జరగదు. బేసినును వంపు గొట్టం నోట్లోకి దించాక, మొద్దు చెక్కతో సందులోకి కొట్టుకుంటూ చుట్టూ తిరిగిరావాలి. సగం సందు నారతో నిండాలి, మిగతా సగం సిమెంటుకు వదలాలి. సిమెంటు మెత్తి, తడి గోనె కప్పి, ఆరనివ్వాలి. నా చేతులకు అంటిన తారు కిరోసిన్ పోసి రుద్దినా నాలుగు రోజులు పోలేదు. మగ్గం గదిలో మాత్రం తారు వాసన ఎవరికీ రాలేదు. వచ్చిందని మామ ఒకటి రెండుసార్లు అన్నాడు గానీ, ఎవరూ పట్టించుకోలేదు.

గట్టిపడ్డాక బిందెలకు బిందెలు నీళ్లు పోశాను. మగ్గం గుంతలో, గోడ వెంబడి ముగ్గుపిండి చల్లాను. చెమ్మ తగిలితే పిండి ముద్దకడుతుంది. పొద్దున దిగి ఊదితే పిండి పొగలా లేచింది. మా ఆయన అందులో వేలితో గీత గీసి నన్ను చూసి నవ్వాడు. ఆయన నవ్వును కూడా నేను ఆ రోజు క్షమించలేదు. నోరున్న మనిషి ఆ నోటితో ముందే ఒక మాట అని ఉండొచ్చు కదా?

రేపటినుంచి వాడుకోవచ్చని మేస్త్రీ చెప్పాడు. ఆ సాయంత్రం అత్తా నేనూ కడవ దగ్గర నిలబడి కడుపునిండా నీళ్లు తాగాం. పొద్దు పొడవకముందే లేచి చెంబు నింపుకుని పెరట్లోకి వచ్చాను. తలుపు వేసి ఉంది. తోశాను, రాలేదు. లోపల గడియ పడి ఉంది. తలుపు కింది సందులోంచి బీడీ పొగ వస్తోంది.

వెనక్కి తిరిగి చూస్తే అత్త, చెంబుతో. ఆమె తలుపును చూసింది, నన్ను చూసింది. లోపల మామ తీరిగ్గా దగ్గాడు. పగలగొడతానన్న మనిషి, గడ్డపార పట్టుకుని నిలబడ్డ మనిషి, మాకంటే ముందు లేచి పోయి కూర్చున్నాడు. తూర్పున తెల్లబడుతోంది. ఇక రైలుకట్ట వైపు పరిగెత్తినా వెలుతురు వచ్చేస్తుంది.

“అత్తా, లెయ్యమని మామకు చెప్పు” అన్నాను అలవాటుగా.

“నువ్వే చెప్పు. నీకు నోరుండాది కదా” అంది అత్త, కడుపు పట్టుకుని.

చెంబుతో తలుపు మీద బాదాను.

“మామా! బయటికి రా! ఇది నీకోసం కట్టలేదు. నీకు ఎండెక్కినాక బీడుండాది, బీడీ ఉండాది, పలకరించేదానికి ఊరంతా ఉండాది. మాకు ఈ గడియ ఒక్కటే ఉండాది. లెయ్!”

పక్కింటి తలుపులు తెరుచుకున్నాయి. లోపల దగ్గు ఆగింది. గడియ తీసి బయటికి వచ్చాడు, ఎవరినీ చూడకుండా, చేతిలో బీడీతో. “ఇంటి పెద్దకు ఇంట్లోనే అడ్డమా” అని గోడకు చెప్పి పోయాడు. అత్త నన్ను తోసుకుని లోపలికి దూరింది. నేను బయట కాపలా నిలబడ్డాను.

ఆ రోజే, మామ వేసిన ఆ తాళాన్నే మళ్లీ తలుపుకు బయట పెట్టాను. తాళంచెవి నా కొంగున కట్టుకున్నాను. పొద్దు పొడిచేదాకా అది ఆడవాళ్లది. తర్వాత కావాల్సినవాళ్లు తాళంచెవి అడిగి తీసుకోవాలి. మా ఆయన అడిగేవాడు, ఇచ్చేదాన్ని. మామ అడగాలంటే నన్ను అడగాలి. కోడలిని నేరుగా అడగడానికి ఆయన మర్యాద ఒప్పుకోదు. అత్త చేత అడిగించాలంటే, అత్త మాటలు మోయడం మానేసింది. ఆయన కాళ్లు ఆడినన్నాళ్లూ రైలుకట్ట దాటి ఆ లారీల మధ్యకే పోయాడు. ఆయన చెంబు మాత్రం నేనే నింపి రోజూ గడప మీద పెట్టేదాన్ని.